రెండు గుంటల జాగ

వానలు మొదలయ్యాయంటే మా నల్లగొండ, పాలమూరు పట్టణాలకు పందులు గుర్తొస్తాయి. ఎవరికో డెంగీ వస్తుంది. ఏదో పత్రికలో మురికికాలువ పక్కన పందుల ఫొటో పడుతుంది. కాలనీ సంఘం వినతిపత్రం ఇస్తుంది. మర్నాడే మున్సిపల్ ప్రకటన: యజమానులు గడువులోగా తమ పందులను పట్టణం బయటికి తరలించాలి, లేదంటే పట్టించేస్తాం. ఆటోకు మైకు కట్టి చాటిస్తారు. గడువు తీరాక చీకటితోనే వలలు, ఉచ్చులు, లారీ. ఎన్ని ఎక్కాయి, ఎక్కడ దిగాయి, ఎవరి చేతికి ఎంత ముట్టింది అన్న లెక్క వాటిని పెంచినామెకు చేరదు. చూడి పంది, ఖాళీ పంది అని కూడా చూడరు. అన్నిటికీ ఒకే లారీ.

డెంగీ దోమ గుడ్లు పెట్టేది నిలవున్న మంచినీళ్లలో. మూత లేని ట్యాంకు, మూలన పడేసిన కూలరు, పాత టైరు దాని పురిటిగదులు. పందికీ డెంగీకీ సంబంధం లేదన్న సంగతి ఆ మున్సిపాలిటీ గోడలకు అంటించుకున్న పోస్టర్లు చదివినా తెలుస్తుంది. కానీ ట్యాంకు ఇంటాయన కాలనీ సంఘంలో సభ్యుడు. పంది ఇంటామె ఏ సంఘంలోనూ లేదు. అందుకే లారీ ఎటు తిరగాలో డ్రైవరుకు ఎవరూ చెప్పనక్కరలేదు.

సరే, బయటికే పోతారు. ఎక్కడికి? సర్వే నంబరు ఎంత? నీళ్ల కుళాయి ఉందా? దారి ఉందా? ఆ ప్రకటన రాసిన చేయి ఇవేవీ రాయదు. పట్టణం బయట ఉన్నది పట్టా భూమి, దాని పక్కన వెంచరు, దాని పక్కన మరో గ్రామపంచాయతీ. ఆ పంచాయతీ సర్పంచి మర్నాడే ట్రాక్టరు అడ్డం పెట్టి పందులను మళ్లీ పట్టణంవైపు తోలిస్తాడు. "దొడ్డికి జాగ చూపియ్యి సారూ, రేపే కట్టేస్తం" అని పందులు పెంచే ఏ ఎరుకల వాడలో ఎవరిని కదిలించినా అంటారు. ఆ మాటకు జవాబు చెప్పిన సారును నేనింతవరకు చూడలేదు.

ఊళ్లలో జాగ లేదంటారా? పల్లె ప్రగతి పేరుతో రాష్ట్రంలోని 12,769 గ్రామపంచాయతీల్లో డంపింగ్ యార్డు, వైకుంఠధామం, నర్సరీ, ప్రకృతి వనం పెట్టాలని సర్కారు పట్టుబట్టింది. తహసీల్దార్లు పాత పహాణీలు దులిపి, ఆక్రమణలు తొలగించి మరీ భూమి వెతికారు. చెత్తకు దొరికింది, శవానికి దొరికింది, మొక్కకు దొరికింది. మంచిదే, నేను కాదనను. అదే పట్టుదలతో ఎరుకల ఆడమనిషి పందులకు ఎందుకు వెతకలేదన్నదే నా కోపం.

ఆమెకు కావలసింది ఎంతని? నాలుగు ఆడ పందులు, ఒక పోతు ఉన్న ఇంటిని తీసుకోండి. పిల్లలతో ఉన్న తల్లికి ఎనిమిది చదరపు మీటర్ల నీడ, దాదాపు అంతే ఆరుబయలు కావాలి. ఎదిగే పిల్ల ఒక్కొక్కదానికి మీటరు చాలు. పోతుకు విడిగా ఓ గది. పెంట గుంట, నీళ్ల తొట్టి, కుడితి ఉడికించే పొయ్యి. ఇవన్నీ కలిపినా రెండు గుంటల్లో సరిపోతాయి. ఎకరంలో ఇరవయ్యో వంతు. హైదరాబాద్ శివార్లలో ఒక పెద్దమనిషి తన ఫాంహౌసు కుక్కల కోసం ఇంతకన్నా ఎక్కువ జాగకు కంచె వేయిస్తాడు.

ఆ రెండు గుంటల్లో ఏం పండుతుందో లెక్క కట్టి చూపిస్తాను. పంది మూడు నెలల మూడు వారాల మూడు రోజులు మోస్తుంది, 114 రోజులు. ఎనిమిది వారాలు పాలిచ్చి, మాన్పించిన వారానికే మళ్లీ ఎదకు వస్తుంది. అంటే ఏడాదికి రెండు ఈతలు. నాటు పంది ఈతకు అయిదారు పిల్లలు వేస్తుంది, యార్క్‌షైర్ సీమపంది పది దాకా వేస్తుంది, సంకరం మధ్యన ఉంటుంది. ఎనిమిదిలో రెండు పోయి ఆరు దక్కినా తల్లికి ఏడాదికి పన్నెండు, నలుగురు తల్లులకు నలభై ఎనిమిది. పాలు మానిన పిల్ల మూడు వేలకు పోయిందనుకున్నా లక్షా నలభై నాలుగు వేలు. మేత, మందులు తీసేసినా, చదువు లేని మనిషి సొంత వాడ దాటకుండా సంపాదించే డబ్బు ఇది. పాలమూరు నుంచి ముంబై దాకా మట్టి తవ్వడానికి పోయిన బతుకుల జిల్లాలో, ఇంటి దగ్గరే ఉండి ఇంత వచ్చే పని ఇంకోటి ఉంటే చెప్పండి, పందుల సంగతి నేను మళ్లీ ఎత్తను.

మేత కూడా కళ్ల ముందే ఉంది. మిర్యాలగూడ మిల్లుల్లో తవుడు, నూక. నార్కట్‌పల్లి నుంచి సూర్యాపేట దాకా 65వ నంబరు జాతీయ రహదారి పొడవునా, అటు జడ్చర్ల మీదుగా పోయే 44వ నంబరు రహదారి పొడవునా హోటళ్లు. రోజూ రాత్రికి డ్రమ్ములకొద్దీ అన్నం, సాంబారు, కూరగాయల తొక్కలు. దాన్ని మాంసంగా మార్చే జంతువు పంది. ఆ పనికి మనం ఇచ్చే జీతం తిట్లు.

ఆ తిట్లలో మొదటిది బురద. పంది బురదలో పొర్లుతుంది కాబట్టి మురికిదట. పందికి చెమట పట్టదు. దాని ఒంట్లో చెమట గ్రంథులు ఉన్నా వేడి దించే పని చేయవు. నలభై అయిదు డిగ్రీలు కాసే నల్లగొండ మేలో దానికి ఒళ్లు చల్లబరుచుకునే దారి తడి ఒక్కటే. నీళ్లు దొరికితే నీళ్లలో, దొరక్కపోతే బురదలో, అదీ లేకుంటే మీ మోరీలో పడుకుంటుంది. రోజుకు రెండుసార్లు ఒంటి మీద నీళ్లు చల్లి, శుభ్రమైన నీళ్ల తొట్టి కట్టిస్తే అది మోరీ మొహం చూడదు. దొడ్డిలో చోటుంటే పడుకునే చోట పేడ కూడా వేయదు, ఒక మూల చూసుకుని అక్కడికే పోతుంది. మనుషులకు ఈ అలవాటు నేర్పడానికి స్వచ్ఛ భారత్ కింద వేల కోట్లు ఖర్చయ్యాయి.

ఎండ సంగతి వచ్చింది కాబట్టి ఇంకోటి. మేలో వడదెబ్బ తిన్న పోతు చచ్చిపోకపోయినా నెలన్నరపాటు దాని బీజం చెడుతుంది. ఆ తరువాత దాటించిన పందులు చూలు కట్టవు, కట్టినా రెండు మూడు పిల్లలే. ఇది తెలియక ఆడ పందిని గొడ్డుదని కోతకు అమ్మేసుకున్నవాళ్లు ఎందరో. ఈ మాట చెప్పడానికి పశువైద్యుడు కావాలి. ఆ డాక్టరు వాడలోకి రాడు. వచ్చినా స్కూటరు దిగడు.

"కట్టేసి పెంచండి" అని ఉపన్యాసం ఇచ్చే అధికారులకు ఒక ప్రశ్న. మట్టిలో తిరిగిన పిల్ల మట్టి నాకి ఇనుము తెచ్చుకుంటుంది. సిమెంటు గచ్చు మీద పుట్టిన పిల్లకు ఆ దారి లేదు. దానికి రోజుకు ఏడు మిల్లీగ్రాముల ఇనుము కావాలి, తల్లి పాలలో దొరికేది ఒక్క మిల్లీగ్రాము. మూడో రోజునో నాలుగో రోజునో ఇనుము సూది వేయకపోతే మూడు వారాల్లో పాలిపోయి, రొప్పి, చస్తుంది. దొడ్డిలో పెట్టమన్న మీరు ఆ సూది గురించి ఎవరికి చెప్పారు? పుట్టిన పిల్లకు ముప్పై రెండు డిగ్రీలకు పైన వెచ్చదనం కావాలని, లేకుంటే అది తల్లిని ఆనుకుని పడుకుని తల్లి కిందే నలిగి చస్తుందని ఎవరికి చెప్పారు? గోడకు జానెడు ఎడంగా, నేలకు జానెడు ఎత్తున ఒక అడ్డకర్ర బిగిస్తే పిల్లలు దాని వెనక్కి దూరి బతుకుతాయి. ఇనుప పైపు అక్కరలేదు. వెదురు చాలు. తట్టలు, గంపలు అల్లి తరాలుగా బతికిన చేతులకు వెదురు బిగించడం నేర్పాల్సిన పనేముంది? చెప్పేవాడు కావాలి, అంతే. రాజేంద్రనగర్‌లో పీవీ నరసింహారావు పేరిట వెటర్నరీ యూనివర్సిటీ ఉంది. చెంగిచర్లలో కేంద్ర ప్రభుత్వ మాంస పరిశోధన సంస్థ ఉంది. తిరుపతిలో మూడు పాళ్లు యార్క్‌షైర్, ఒక పాలు నాటు రక్తంతో టీ-17 అనే రకాన్నే తయారుచేశారు. విద్య ఇక్కడే ఉంది. ఎరుకల వాడ దాకా బస్సు లేనిది దానికొక్కదానికే.

పోతుల సంగతి ఇంకా ఘోరం. ఒక వాడలో ఒకే పోతు ఏళ్ల తరబడి ఉంటుంది, తన కూతుళ్లనూ మనవరాళ్లనూ తానే దాటుతుంది. పిల్లలు తగ్గుతాయి, బక్కగా పుడతాయి, పేగు జారినవి, గుదం మూసుకుపోయినవి పుడతాయి. రెండేళ్లకోసారి వేరే ఊరి పోతును తెచ్చుకుంటే పోయే చిక్కు ఇది. ఆవుకు గోపాలమిత్ర ఇంటికొచ్చి సూది వేస్తాడు. పంది వీర్యం ఆబోతుదానిలా గడ్డకట్టించి ఏళ్లపాటు దాచేది కాదు, పదహారు పద్దెనిమిది డిగ్రీల చల్లదనంలో మూడు రోజులు నిలుస్తుంది. ఉదయం రాజేంద్రనగర్‌లో తీస్తే మధ్యాహ్నానికి నల్లగొండలోనో మహబూబ్‌నగర్‌లోనో వాడొచ్చు. లేదూ, మండలానికి రెండు మంచి పోతులు ఇచ్చి వాడల మధ్య తిప్పమనండి. ఖర్చు ఎంత? ఒక మంత్రిగారి పర్యటన ఫ్లెక్సీలకు సరిపోనంత.

ఇక పథకాలు. ఇక్కడ నాకు ఓపిక చాలదు. 2017 జూన్ 20న కొండపాకలో గొర్రెల పంపిణీ మొదలైంది. ఇంటికి ఇరవై గొర్రెలు, ఒక పొట్టేలు, యూనిట్ ధర లక్షా పాతిక వేలు, అందులో డెబ్బై అయిదు శాతం సబ్సిడీ. గొల్ల కురుమలకు ఇచ్చినందుకు నాకు ఏడుపు లేదు. మధ్యలో మింగినవాళ్ల కోసం 2024లో అధికారులనే ఏసీబీ అరెస్టు చేయాల్సి వచ్చింది, అది వేరే కథ. అయినా ఆ పథకానికి ఒక రూపం ఉంది. ఇరవై ఒక్క జీవాలు పేదవాడి చేతికి సరిపోయే లెక్క. మరి ఎరుకలకు? 2023లో, శాసనసభ ఎన్నికలు తలుపు తడుతుండగా, ఎరుకల సాధికారత పథకం అని 60 కోట్లు ప్రకటించారు. ఆ డబ్బుతో లేచిన పాక ఒక్కటి మీ ఊళ్లో ఉంటే నాకు చూపించండి, నేనొచ్చి దండం పెట్టిపోతాను.

కేంద్రానిది ఇంకో తీరు. జాతీయ పశుసంపద మిషన్‌ను 2021లో తిరగరాశారు. పందుల పెంపకానికి సగం సబ్సిడీ అన్నారు. ఎవరికి? యాభై ఆడ పందులు, అయిదు పోతులు పెట్టేవాడికి 15 లక్షల దాకా. వంద, పది పెట్టేవాడికి 30 లక్షల దాకా. మిగతా సగం మీరు పెట్టుకోవాలి లేదా బ్యాంకు దగ్గర తెచ్చుకోవాలి, భూమి కాగితాలు చూపాలి, దరఖాస్తు ఆన్‌లైన్‌లో పెట్టాలి. ఎరుకల సోమక్కో లక్ష్మమ్మో యాభై పందులతో, భూమి కాగితాలతో ఆన్‌లైన్‌కు వస్తారని ఢిల్లీలో ఎవరు కలగన్నారో! ఈ డబ్బు ఎవరికి పోతుందో చెప్పడానికి సోది అక్కరలేదు. హైదరాబాద్‌లో ఉద్యోగం చేసుకుంటూ, షాద్‌నగర్ అవతల అయిదెకరాలు కొని, పందుల ఫారం పెట్టి లాభాలు అని వీడియోలు చూసినవాడికి పోతుంది. వాడు పెడితే పెట్టనీ, నాకేం అడ్డు లేదు. వాడు పెడితే పారిశ్రామికవేత్త, ఆమె పెడితే పారిశుద్ధ్య సమస్య. ఈ రెండు కొలతలు ఏమిటని అడుగుతున్నాను.

2019లో రిజర్వు బ్యాంకు పశుపోషకులకూ కిసాన్ క్రెడిట్ కార్డు ఇవ్వాలంటూ ఇచ్చిన ఆదేశాల్లో పందుల పెంపకందార్ల పేరు స్పష్టంగా ఉంది. మీ బ్యాంకు మేనేజరును అడిగి చూడండి. నవ్వకపోతే ఆయన మంచివాడు. అదే ఏడాది సెప్టెంబరులో ప్రధాని మథురలో ప్రారంభించిన గాలికుంటు టీకాల కార్యక్రమంలో ఆవులు, గేదెలు, గొర్రెలు, మేకలతో పాటు పందులూ ఉన్నాయి. పంది జ్వరానికి, అంటే క్లాసికల్ స్వైన్ ఫీవర్‌కు, భారత పశువైద్య పరిశోధన సంస్థ (ఐవీఆర్ఐ) తయారుచేసిన టీకా ఉంది. సమయానికి వేస్తే వాడకు వాడ తుడిచిపెట్టే ఆ రోగం ఆగుతుంది. కాగితం మీద పందికి అన్నీ ఉన్నాయి. సూది పట్టుకున్న మనిషి రావడమే లేదు. 2012లో దేశంలో కోటీ మూడు లక్షల దాకా ఉన్న పందులు 2019 లెక్కకు 90 లక్షల 60 వేలకు పడిపోయాయి. ఏడేళ్లలో నూటికి పన్నెండు. ఆవులో గేదెలో ఇలా పడిపోతే అసెంబ్లీలో చర్చ పెట్టేవాళ్లు.

రోగాల మాట నేను దాటవేయను. కాలనీ సంఘాలకు ఉన్న బలమైన వాదన అదే. మెదడువాపు వ్యాధిలో పంది పాత్ర నిజం. కొంగల ఒంట్లోని వైరస్ వరి మడిలో పుట్టిన క్యూలెక్స్ దోమ ద్వారా పందికి చేరి, అక్కడ పెరిగి, మళ్లీ దోమతో మనిషికి వస్తుంది. 1999లో కర్నూలు, అనంతపురం పిల్లలను బలితీసుకున్నది అదే. కాబట్టే పందుల దొడ్డి ఇళ్లకు దూరంగా ఉండాలి. పిల్లలకు టీకా వేయాలి. దొడ్డి దూరంగా ఉండాలంటే ఏం కావాలి? మళ్లీ ఆ రెండు గుంటలే. నా వాదన మీ వాదనతోనే ఒక చోటికి వచ్చి చేరుతోంది, మీకెందుకు కనపడదు?

బద్దెపురుగు సంగతి ఇంకా విచిత్రం. పందిమాంసం తింటే మెదడులో పురుగు వస్తుందని భయపెడతారు. ఆ పురుగు గుడ్లు పందికి ఎక్కడి నుంచి వచ్చాయి? మనిషి మలం నుంచి. బద్దెపురుగు కాపురం ఉండేది మనిషి పేగులో. ఆరుబయట కూర్చున్న మనిషి పందికి అంటిస్తాడు, సరిగా ఉడకని మాంసంలో పంది తిరిగి అప్పగిస్తుంది. మెదడులో తిత్తులు కట్టేది మాత్రం పురుగు గుడ్లు మింగినవాళ్లకు. కడగని కొత్తిమీరతో, చేతులు కడగని వంటమనిషితో శాకాహారికీ వస్తుంది. మరుగుదొడ్డి కట్టి వాడితే, పందిని కట్టేసి పెంచితే, మాంసం ముక్క లోపలిదాకా ఉడికిస్తే ఆ గొలుసు తెగిపోతుంది. ముద్ర వేసి, తిత్తులున్న మాంసం పారేసే కమేళా ఉంటే ఇంకా తొందరగా తెగుతుంది. గొర్రెకు, మేకకు కమేళాలు కట్టారు. పంది మాంసం మాత్రం చింతచెట్టు కింద, చాటుగా, దొంగసొత్తులా అమ్ముకోవాలి. చాటున పెట్టింది మీరే, శుభ్రంగా లేదని అనేదీ మీరే.

2009 గుర్తుందా? స్వైన్ ఫ్లూ. ఆ ఏడాది మే నెలలో దేశంలో మొదటి కేసు బయటపడింది హైదరాబాద్‌లోనే. అది మా వాడల పంది నుంచి రాలేదు. అమెరికా నుంచి విమానం దిగిన ప్రయాణికుడితో వచ్చింది. మనిషి నుంచి మనిషికి పాకే ఆ జబ్బుకు ఆ పేరు వాడటం ప్రపంచ ఆరోగ్య సంస్థ ఏప్రిల్ 30కే మానేసింది. మన పత్రికలు మానలేదు. ఆ రోజుల్లోనే ఈజిప్టు ఒక పని చేసింది. దేశంలో ఒక్క రోగి కూడా లేకుండానే మూడు లక్షల పందులను చంపేయమని హుకుం జారీ చేసింది. అవి కైరో నగరపు చెత్త ఎత్తే జబ్బాలీన్లవి. ఇంటింటికీ తిరిగి చెత్త తెచ్చి, కుళ్లేదంతా పందులకు పెట్టి బతికే క్రైస్తవ పేదలు వాళ్లు. పందులు పోయాయి, తడి చెత్త ఎత్తే గరజు వాళ్లకూ పోయింది. నెలల్లోనే కైరో వీధుల్లో చెత్త గుట్టలు పడ్డాయి. శుభ్రత పేరుతో ఊరిని కంపు చేసుకోవడం అంటే అదీ. తడి చెత్త, పొడి చెత్త వేరు చేయండని రోజూ పాట పెట్టుకుని తిరిగే మన చెత్త ఆటోలు ఆ తడి చెత్త ఎక్కడ పోస్తున్నాయో ఒకసారి వెనకాలే వెళ్లి చూడండి.

ఒక చిన్న ముచ్చట చెప్పి ముందుకు పోతాను. అచ్చంపేట, దేవరకొండ వైపు అడవి పంది మాంసం అంటే లొట్టలేసే పెద్దమనుషులు చాలామందే ఉన్నారు. చట్టప్రకారం అడవి పందిని వేటాడటం నేరం. దొరికితే జైలు. ఆ మాంసం ఫలానా ఇంట్లో వండారంటే గొప్ప. ఎరుకలామె తవుడు పెట్టి పెంచిన పంది మాత్రం నీచం. అలంపురంలో గుళ్లు కట్టిన చాళుక్యుల రాజముద్ర వరాహం. కాకతీయులదీ అదే. పందిని ఎత్తుకు పెట్టుకున్నది మనమే, దాన్ని పెంచే చేతిని దించిందీ మనమే.

ఆ చేతికి చాలా పాత చరిత్ర ఉంది. ఎరుకలవాళ్లు ఒకప్పుడు పశువుల మీద ఉప్పు, ధాన్యం ఊరూరా చేరవేసిన వర్తకులు. రైళ్లు, తెల్లదొరల ఉప్పు చట్టాలు ఆ బేరాన్ని చంపాయి. బేరం పోయి తిరుగుతున్న మనుషులను 1871 నాటి నేరస్థ జాతుల చట్టం కింద దొంగలని రాశారు. 1911లో ఆ చట్టం మద్రాసు ప్రెసిడెన్సీకి వచ్చింది. 1913లో బాపట్ల దగ్గర స్టువర్టుపురం పెట్టి సాల్వేషన్ ఆర్మీ కాపలాలో ఉంచారు. 1952 ఆగస్టు 31న ఆ చట్టం పోయింది. చట్టం పోయినా చూపు పోలేదు. తెల్లదొర వాళ్లను ఒక చోట కట్టడి చేశాడు. మన దొరలు ఏ చోటా ఉండొద్దంటున్నారు.

ఎరుకల అన్నలకు, అక్కలకు కూడా రెండు మాటలు చెప్పకపోతే నేను న్యాయం తప్పినవాణ్ని అవుతాను. పందిని ఊరి మీద వదిలేసి సాయంత్రం పిలుచుకునే రోజులు అయిపోయాయి. పక్కవాడి పల్లికాయ చేను తవ్విన పందికి నేను వకాల్తా పుచ్చుకోను. హోటలు కుడితి ఉడికించకుండా పోయొద్దు. అందులోని మాంసం ముక్కతోనే పంది జ్వరం వస్తుంది, 2020లో అస్సాంలో దిగిన ఆఫ్రికన్ పంది జ్వరమూ అలాగే వస్తుంది. ఆ రెండోదానికి మందు లేదు, మన దగ్గర టీకా లేదు. అరగంట తెర్లనివ్వండి. అన్నిటికన్నా ముఖ్యం, ఒక పంది మేత మానేసి చెవులు ఎర్రబడగానే మిగతావాటిని సగం ధరకు తెగనమ్మొద్దు. ఆ రాత్రి అమ్మినవే పది ఊళ్లకు రోగం మోస్తాయి. మీ భయం నాకు తెలుసు. డాక్టరుకు చెబితే అన్నీ చంపేస్తారు, డబ్బులు రావు. 2022లో వయనాడ్‌లో ఆఫ్రికన్ జ్వరం వచ్చినప్పుడు కేరళ పందులను చంపింది, తూకం లెక్కన పరిహారమూ ఇచ్చింది. కేంద్రం సగం, రాష్ట్రం సగం భరించే ఏర్పాటు దేశమంతటికీ ఉంది. కానీ పుస్తకంలో లేని పందికి పైసా రాదు. అందుకే ముందు మీ పందులను రాయించుకోండి. చెవికి బిళ్ల వేయించుకోండి. వేయనంటే వేయననే రాసిమ్మనండి.

సర్పంచులారా, వార్డు సభ్యులారా, మీ పంచాయతీ డంపింగ్ యార్డు పక్కన మిగిలిన జాగ ఎంతుందో కొలిపించండి. ఊరికి అర కిలోమీటరు దూరం, గాలివాటు చూసుకుని, చెరువుకు ఎగువన కాకుండా, పందులున్న ఇంటికి రెండు గుంటలు, ఒక బోరు, ఒక కరెంటు స్తంభం. ఆ ఇంటి ఆడమనిషి పేరున కాగితం. నాలుగు ఆడ పందుల యూనిట్‌కు గొర్రెలకిచ్చిన సబ్సిడీయే ఇమ్మని, మండల పశువైద్యాధికారి నెలకోసారి రావాలని గ్రామసభలో తీర్మానం రాయించండి. కలెక్టరుకు, గిరిజన సంక్షేమ శాఖకు పంపండి. చదివేవాళ్లలో పందిమాంసం ముట్టనివాళ్లే ఎక్కువమంది ఉంటారు. ముట్టమని నేనడగడం లేదు. ఆ తీర్మానానికి చెయ్యెత్తమంటున్నాను. జవాబు రాకపోతే ఎందుకు రాలేదో సమాచార హక్కు కింద అడగండి. మన రాష్ట్రంలో ఆ దరఖాస్తుకు గ్రామ స్థాయిలో రుసుము లేదు, మండల స్థాయిలో అయిదు రూపాయలు, ఆ పైన పది.